దామోదరులందరూ కోటకు రావాలి

పూర్వం మల్లెలదుర్గమని ఒక రాజ్యం ఉండేది. మూడు కొండలు, ఒక ఏరు, నలభై ఊళ్ళు, అంతే. పొద్దున్నే గుర్రమెక్కి బయలుదేరితే మధ్యాహ్నం భోజనం వేళకు పొలిమేర చేరిపోవచ్చు. కాని దాన్ని ఏలే కీర్తిమల్ల మహారాజుకు మాత్రం ముప్ఫై రెండు బిరుదులుండేవి.

ఆ బిరుదులు చదవడానికి ఆస్థానంలో మాచన అనే వంది ఉండేవాడు. రాజు సభకు వస్తుంటే ముందు నడుస్తూ బిరుదులన్నీ ఎలుగెత్తి చదవడం అతని పని. ఒక్కటి తప్పినా రాజు గడప దగ్గరే ఆగి, "మాచనా, ఏదో తగ్గింది" అనేవాడు. మాచన గొంతు సవరించుకుని మళ్ళీ మొదటినుంచి అందుకునేవాడు.

అలాగని రాజు చెడ్డవాడు కాడు. కరువొస్తే గాదెలు తెరిచేవాడు. తల్లి మాట జవదాటేవాడు కాడు. గొప్పలంటే పిచ్చి, అదొక్కటే లోపం. ఆ సంగతి మాచనకు తెలుసు కనుకనే పద్దెనిమిదేళ్ళుగా ఆ కొలువులో నవ్వుతూ నెట్టుకొస్తున్నాడు.

పెళ్ళయిన పన్నెండేళ్ళకు రాజుకు కొడుకు పుట్టాడు. పురిటిశుద్ధి కాగానే పేరు నిర్ణయించడానికి సభ కూడింది. ఆస్థాన పండితుడు వేదగిరి అవధాని పట్టుశాలువ సర్దుకుని లేచి ఒక్కొక్క పేరే చదివాడు. ఒక్కొక్కటీ మూరెడు పొడవు. చివరి పేరు పూర్తయ్యేసరికి ఆయనకు ఆయాసం వచ్చింది.

అప్పుడు తెర వెనకనుంచి రాజమాత గొంతు వినిపించింది. "నాయనా, దామోదరుడని పెట్టు."

ఎందుకని రాజు అడగలేదు. అమ్మ అంది, అంతే. కాని పేరు మరీ తేలిగ్గా ఉందేమోనని అతనికి అనుమానం. పండితుడి వైపు తిరిగాడు. "ఆ పేరుకు అర్థమేమిటి అవధానిగారూ? మా వంశానికి తగిందేనా?"

అవధాని ఒక్క క్షణం తడబడ్డాడు. వెంటనే తేరుకున్నాడు. "తగకపోవడమా ప్రభూ! దామం అంటే దండ. ముత్యాలదండ! ఉదరం దాకా ముత్యాలదండలు వేలాడేవాడే దామోదరుడు. చక్రవర్తులకు తప్ప ఇతరులకు చెల్లని పేరు."

రాజు పొంగిపోయాడు. మెడలోని ముత్యాలసరాన్ని పొట్ట మీదకు జరుపుకుని చూసుకున్నాడు. కాని మరుక్షణమే ముఖం చిట్లించాడు.

"మరి మన రాజ్యంలో ఇంకెవరికైనా ఈ పేరుందా?"

"ఆరేడుగురు ఉన్నారు ప్రభూ" అన్నాడు అవధాని. "ఒక కుమ్మరి, ఒక పడవవాడు... గొల్లపల్లెలో పాలుతాగే పిల్లవాడు కూడా ఒకడున్నాడని విన్నాను."

"ముత్యాలదండ గొల్లపల్లెలోనా!" రాజు సింహాసనం మీద నిటారుగా కూర్చున్నాడు. "మాచనా! నలభై ఊళ్ళలోనూ దండోరా వేయించు. దామోదరులందరూ బారసాల నాటి పొద్దున కోటకు రావాలి. ఆ పేరు ఇక్కడ వదిలి, అవధానిగారు ఇచ్చే కొత్త పేరు పట్టుకుపోవాలి. కాదన్నవాళ్ళు ఆ రోజే పొలిమేర దాటాలి."

మాచన చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "ఉత్త పేరే చాటమంటారా ప్రభూ, అర్థం కూడానా?"

"అర్థంతో సహా చాటు! ఆ పేరు ఎంత గొప్పదో జనానికి తెలియవద్దూ?"

"చిత్తం" అన్నాడు మాచన. అప్పటికి అతని మనసులో ఏ ఎత్తూ లేదు. రాజాజ్ఞ స్పష్టంగా తెలుసుకోవడం అతనికి అలవాటు, అంతే.

మర్నాడు పొద్దున్నే ముందుగా గొల్లపల్లెకు బయలుదేరాడు. అక్కడి పిల్లవాడి తల్లి నాంచారమ్మ అతనికి తెలిసిన మనిషే. మాచన ఇంటికి పెరుగు పోసేది ఆమే. దండోరాలో వినడం కంటే తన నోటినుంచి వింటే నయమని అతననుకున్నాడు.

నాంచారమ్మ వాకిట్లో చల్ల చిలుకుతోంది. కవ్వపు గుంజకు పాత చీరపేలిక ఒకటి కట్టి ఉంది. దాని రెండో కొస పది నెలల పిల్లవాడి నడుముకుంది. వాడు దాన్ని లాక్కుంటూ వెన్న ఉన్న చట్టివైపు పాకుతున్నాడు. జానెడు దూరంలో పేలిక బిగిసింది. వాడు ఆగి, కోపంగా "ఊఁ" అన్నాడు.

మాచన విషయం చెప్పాడు. కవ్వం ఆగిపోయింది.

"వీడి ముందు ఇద్దరు పోయారు గదయ్యా" అంది నాంచారమ్మ. "పేరు పెట్టేదాకా కూడా ఉండలేదు ఒక్కడూ. వీడికి ఇరవై ఒకటో నాడు మా అత్త మొలతాడు కట్టి, చెవిలో ఆ పేరు చెప్పింది. నిలిచాడు. మొన్న మంగళవారం పొయ్యి దగ్గరనుంచి 'దామోదరా' అని పిలిస్తే, మొదటిసారి తల తిప్పి నా వంక చూశాడు. ఆ పేరు తనదని వాడికి ఇప్పుడిప్పుడే తెలుస్తోంది. నేను పోయి వాడికేమని చెప్పను? నువ్వు నువ్వు కాదురా అని చెప్పనా?"

పిల్లవాడు మళ్ళీ పేలిక లాగాడు.

"పొలిమేర దాటుతాంలే. ఆవులకు గడ్డి ఎక్కడైనా దొరుకుతుంది" అంటూ ఆమె మళ్ళీ కవ్వం అందుకుంది.

"అమ్మా, ఇంతకీ ఆ పేరుకు అర్థమేమిటో నీకు తెలుసా?" అని అడిగాడు మాచన. "ముత్యాలదండ అంటున్నారు కోటలో."

అంత బాధలోనూ నాంచారమ్మకు నవ్వొచ్చింది. "ముత్యాలా? మా గొల్లింట ముత్యాలెక్కడివయ్యా! దామం అంటే తాడు. యశోదమ్మ కన్నయ్య అల్లరి పడలేక నడుముకు తాడేసి రోటికి కట్టబోయింది. ఎంత తాడు తెచ్చినా రెండు వేళ్ళ మేర తక్కువొచ్చేదట. ఇంట్లో తాళ్ళన్నీ ముడేసినా అదే తంతు. ఆఖరికి, అమ్మ అలిసిపోయింది పాపం అని వాడే కట్టుబడ్డాడట. పొట్టకు తాడు కట్టించుకున్నవాడు గనక దామోదరుడు. మా అత్త చెప్పేది, దేవుడికున్న వెయ్యి పేర్లలోనూ అమ్మ వాకిట్లో పుట్టిన పేరు అదొక్కటేనని."

మాచన పిల్లవాడి వంక చూశాడు. వాడి నడుముకు పేలిక కింద నల్లటి మొలతాడు ఉంది. అప్రయత్నంగా మాచన చెయ్యి తన నడుము మీదకే పోయింది. అక్కడా ఒకటుంది. చిన్నప్పుడు అమ్మ కట్టింది. పాతదైపోయినప్పుడల్లా మారుస్తూ ఈనాటిదాకా వస్తోంది.

మెల్లగా అతని ముఖం విప్పారింది.

"నాంచారమ్మా, అప్పుడే మూటలు కట్టకు" అన్నాడు. "బారసాలనాడు పిల్లవాణ్ణి తీసుకుని కోటకు రా. భయపడకు. నువ్వు ఒక్కదానివే రావు."

ఆ రోజునుంచి ఊరూరా దండోరా మోగింది. మాచన తన పెద్ద గొంతుతో ప్రతి వీధి మొగలోనూ ఒకటే చాటాడు. "ఇందుమూలంగా తెలియజేయడమేమనగా! దామోదరులందరూ యువరాజుగారి బారసాల నాటి పొద్దున కోటకు వచ్చి ఆ పేరు వదులుకోవాలి! దామం అంటే తాడు! ఉదరం అంటే పొట్ట! పొట్ట చుట్టూ తాడున్న ప్రతి మగవాడూ రావాలి! ఇది రాజాజ్ఞ!"

జనం ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. నడుములు తడుముకున్నారు.

బారసాలనాడు కోటలో తోరణాలు కట్టారు. ముత్యాల ముగ్గులు వేశారు. బంగారు ఉయ్యాల సభ మధ్యకు తెచ్చారు. అవధాని కొత్త పేర్లు ఏడు రాసి ఉంచుకున్నాడు.

ముహూర్తానికి గంట ముందు బయట హోరు మొదలైంది. రాజు కిటికీలోంచి తొంగి చూసి నిర్ఘాంతపోయాడు. కోటగుమ్మం నుంచి ఏటి ఒడ్డుదాకా మనుషులే! రైతులు, సాలెలు, కమ్మర్లు, చేతికర్రలతో ముసలివాళ్ళు, తండ్రుల భుజాల మీద బిడ్డలు. మామిడాకులు కడుతున్నవాడు నిచ్చెన దిగి వరుసలో నిలబడ్డాడు. సన్నాయి వాయించేవాళ్ళు వాద్యాలు చంకన పెట్టుకుని వాళ్ళ వెనక చేరారు. కాపలా భటుడు గుమ్మం దగ్గర మాచనను పట్టుకుని, "అయ్యా, నేనూ నిలబడాలా?" అని అడిగాడు.

"నీకు మొలతాడు లేదా?"

"ఎందుకు లేదండీ!"

"మరింకేం, నడు."

భటుడు బల్లెం గోడకు ఆనించి వరుసలో చేరాడు. కాసేపటికి రాజు వెనక వింజామర వీస్తున్నవాడు కూడా మెల్లగా వింజామర కింద పెట్టి నడిచాడు. అవధానిగారి మనవలు ముగ్గురూ కొత్త పంచెలు కట్టుకుని వచ్చి, "తాతా, మాకేం పేర్లిస్తావు?" అంటూ ఆయన శాలువ పట్టుకుని లాగారు.

"మాచనా!" రాజు సింహాసనం మీదకు వచ్చి గర్జించాడు. "ఆరేడుగురిని పిలవమంటే రాజ్యాన్నంతా తెచ్చి నిలబెడతావా? ఏమిటీ పరిహాసం?"

మాచన నమస్కరించాడు. "ప్రభూ, అర్థంతో సహా చాటమన్నారు. చాటాను. పొట్టకు తాడున్నవాడు దామోదరుడు. మన రాజ్యంలో ఏ తల్లీ కొడుక్కి మొలతాడు కట్టకుండా ఉండదు. అందుకని అందరూ వచ్చారు."

"తాడా? అవధానిగారు ముత్యాలదండ అన్నారే!"

అవధాని గొంతు సవరించుకున్నాడు. "దామ శబ్దానికి దండ అనే అర్థం నిశ్చయంగా ఉంది ప్రభూ..."

"ఉంది" అన్నాడు మాచన వినయంగా. "కాని ఈ పేరు పుట్టిన ఇంటివాళ్ళు ఇక్కడే ఉన్నారు. వాళ్ళనే అడగండి." అని నాంచారమ్మను ముందుకు పిలిచాడు.

ఆమె పిల్లవాణ్ణి చంకనెత్తుకుని ముందుకు వచ్చింది. యశోదమ్మ కథ ఎత్తుకుంది. రెండు వేళ్ళు తక్కువొచ్చిన తాడు సంగతి, అమ్మ అలసట చూసి బిడ్డ కట్టుబడిన సంగతి, ఇద్దరు పోయాక ఈ పేరుతో తన బిడ్డ నిలిచిన సంగతి మాచనకు చెప్పినట్టే చెప్పింది.

రాజు పండితుడి వంక చూశాడు. "అవధానిగారూ, నిజం చెప్పండి. ఈ సంగతి మీకు తెలుసా?"

అవధాని తల వంచుకున్నాడు. "తెలుసు ప్రభూ. సింహాసనం ఎదురుగా నిలబడి తాడు అనడానికి నోరు రాలేదు."

మాచన ఇంకో అడుగు ముందుకు వేశాడు. "ప్రభూ, ఆజ్ఞ ప్రకారం అందరూ వచ్చినట్టే. ఒక్కరు మాత్రం ఇంకా వరుసలో చేరలేదు." అతని చూపు రాజు నడుము దగ్గర ఆగింది. "అది బంగారందే కావచ్చు. దాన్నీ మొలతాడనే అంటారు."

రాజు ముఖం ఎర్రబడింది. ఈసారి తన నాలుక హద్దు దాటిందనే మాచన అనుకున్నాడు.

అప్పుడు తెర వెనక ఎవరో నవ్వారు. తెర తొలగించుకుని రాజమాత బయటికి వచ్చింది.

"మాచన మాటలో తప్పేముంది నాయనా?" అంది. "నీకు మూడేళ్ళప్పుడు మీ నాన్నగారు యుద్ధానికి పోయి ఎనిమిది నెలలైనా తిరిగి రాలేదు. ఆ బెంగలో నేనుంటే, నువ్వు వంటింట్లో దూరి జున్నుకుండ బద్దలుకొట్టావు. నాకు ఒళ్ళు తెలియని కోపం వచ్చింది. పైట చింపి, నీ నడుముకు కట్టి, రుబ్బురోటికి ముడివేశాను. దాసీలంతా చూస్తున్నారు. నువ్వు ఏడుస్తావనుకున్నాను. నువ్వేమో నా ముఖంలోకి చూసి, 'అమ్మా, నువ్వేడవకు, నేను కదలను' అన్నావు. నీ పక్కనే కూలబడి నేనే ఏడ్చాను. ఆ పూటంతా నిన్ను దామోదరా అనే పిలిచాను. నీకు గుర్తులేదు. నేను మరిచిపోలేదు. అందుకే నీ కొడుక్కి ఆ పేరు అడిగాను."

రాజు సింహాసనం దిగాడు. నడిచివెళ్ళి వరుసలో, బల్లెం వదిలేసిన కాపలా భటుడి వెనక నిలబడ్డాడు.

"మాచనా, ఇక అందరూ వచ్చినట్టేనా?" అని అడిగి, తనే పగలబడి నవ్వాడు. భటుడు బిక్కచచ్చిపోయాడు. ముందు పిల్లలు నవ్వారు. తరువాత ఏటి ఒడ్డుదాకా నవ్వే.

"ఆజ్ఞ రద్దు!" అన్నాడు రాజు కళ్ళు తుడుచుకుంటూ. "ఎవరి పేరు వాళ్ళు ఇంటికి పట్టుకుపోండి. ఉండండి, భోంచేసి మరీ వెళ్ళండి."

ముహూర్తం దగ్గర పడింది. పసివాడికి మొలతాడు కట్టడానికి రాజమాత ఉయ్యాల దగ్గరకు వచ్చింది కాని, వేళ్ళు వణికి ముడి పడలేదు. ఆమె నాంచారమ్మను పిలిచింది. "రా తల్లీ. బిడ్డను నిలబెట్టుకున్న చెయ్యి నీది. ఈ ముడి నువ్వు వెయ్యి."

నాంచారమ్మ తన బిడ్డను ఎవరికివ్వాలో తెలియక అటూ ఇటూ చూసింది. రాజే చేతులు చాచి వాణ్ణి అందుకున్నాడు. వాడు ఆలస్యం చేయకుండా మహారాజు మెడలోని ముత్యాలసరం నోట్లో పెట్టుకున్నాడు.

"అవధానిగారూ, మీ అర్థం కూడా నిజమైంది చూడండి!" అన్నాడు రాజు. అవధాని కూడా నవ్వక తప్పలేదు.

ఆ సాయంత్రం రాజు తన చేతి బంగారు కంకణం తీసి మాచన చేతికి తొడిగాడు. "అమ్మ మాటలో ఉన్న ముత్యం నాకు చూపించావు" అన్నాడు. మాచన ఇంటికి వెళ్ళేదాకా ఒక్క మాటైనా మాట్లాడలేదు. ఆ నోటికి అలా జరగడం అదే మొదటిసారి.

ఆ ఏడాది మల్లెలదుర్గంలో పుట్టిన మగపిల్లల్లో సగంమందికి యువరాజుకు పెట్టిన దామోదరుడనే పేరే పెట్టారట. యువరాజు పెద్దవాడై బజారులో గుర్రం మీద పోతుంటే, ఏ ఇంటి అరుగు మీదనుంచో ఒక తల్లి "ఒరే దామోదరా, అన్నానికి రారా!" అని కేకవేసేది. వీధిలో ఆరుగురు "వస్తున్నానమ్మా!" అనేవారు. ఆ ఆరుగురిలో ఒక గొంతు గుర్రం మీదనుంచి వచ్చేది.