మేస్త్రీ వేషం

నటన నేర్పే దస్తగిరి మాస్టారు ఎవరేం అడిగినా వాదనకు దిగేవారు కాదు. ఎక్కడో జరిగిన సంగతి ఒకటి చెప్పి ఊరుకునేవారు. ఆయన దగ్గర నటన నేర్చుకునే నవనీత్ అడిగిన రోజూ అంతే చేశారు.

నవనీత్ మగవాళ్ళను ప్రేమించే మనిషని ఆయనకు తెలుసు. ముందురోజు ఆఫీసులో మేనేజరు తలుపు వేసి అతని నడుం మీద చెయ్యి వేశాడట. విదిలించుకుంటే నవ్వాడట. "మీవాళ్ళ బూతు సినిమాలు నేనూ చూశాన్లే. బాసు గదమాయిస్తాడు, కిందివాడు లొంగుతాడు. మీకు నచ్చేది ఇదేగా?"

"ఆ సినిమాలు నేనూ చూశాను మాస్టారూ, ఇష్టపడే చూశాను," అన్నాడు నవనీత్. "అయితే ఆ మాట అనే హక్కు వాడికి నేనే ఇచ్చినట్టా?"

మాస్టారు తను చూసిన సంగతి చెప్పారు. వయసులో ఉండగా ఆయన విదేశంలో లైట్‌మన్‌గా పనిచేశారు. అలాంటి సినిమా ఒకదానికి లైట్లు పెట్టారు. సినిమాలో ఫ్యాక్టరీ అంటే ఓ రేకుల షెడ్డే. మేస్త్రీ వేషం మార్కోది. కొండలాంటి మనిషి, ఉరిమినట్టుండే గొంతు. కూలీ వేషం టియోది. ఇద్దరూ ముప్పై దాటినవాళ్ళే. ఎందాకా వెళ్ళాలో, ఏ మాట అంటే ఆగాలో ముందే కూర్చుని మాట్లాడుకున్నారు.

సీను మధ్యలో టియో ఆ మాట అన్నాడు. మార్కో వెంటనే చేతులు తీసేశాడు. దుప్పటి తెచ్చి అతనికి కప్పి, నీళ్ళిచ్చాడు.

నిర్మాత కుర్చీలోంచి లేచాడు. "నువ్వు మేస్త్రీవిరా! కూలీ వద్దంటే మేస్త్రీ ఆగుతాడా?" అని అరిచాడు. తర్వాత టియో వైపు తిరిగాడు. "ఇప్పుడు చెయ్యకపోతే ఈ ఊళ్ళో నీకింక పని ఉండదు."

టియో తల వంచుకుని దుప్పటి తీయబోయాడు. "అక్కర్లేదు," అన్నాడు మార్కో. వేషానికి పెట్టుకున్న హెల్మెట్ తీసి నిర్మాత కాళ్ళ దగ్గర పడేశాడు. మాస్టారు లైట్లు ఆర్పేశారు. ముగ్గురూ బయటికి నడిచారు. నిర్మాత అన్నంత పనీ చేశాడు. ఆ ఊళ్ళో వాళ్ళనెవరూ మళ్ళీ పిలవలేదు. మార్కో లారీ నడుపుకుని బతికాడు.

నవనీత్ ముందుకు జరిగాడు. "ఇంత జరిగినా ఆ నిర్మాతను ఎవరూ ఏమీ అనలేదా?"

"అనలేదు."

"ఏం మాస్టారూ? కథ అలాంటిది కాబట్టి, వాళ్ళకలా జరగాల్సిందే అని అందరూ అనుకున్నారా?"

మాస్టారు లేచి నిలబడ్డారు.

"మేస్త్రీ వేషం కట్టినవాడు ఆగాడు నాయనా," అన్నారు. "కట్టనివాడే ఆగలేదు."