మల్లెతోటకూ మేడకూ ఒకే ప్రమాణం

పూలగిరి రాజుగారికి ఆ పొద్దున విసుగు తలకెక్కింది.

"ఈ వీరాస్వామి మొహం ఇంకెన్నాళ్లు చూడాలయ్యా? శుక్రవారం మల్లెతోట తగాదా, శనివారం మేడ తగాదా! నేను భోజనానికి లేచేలోగా రెండూ తేలాలి. తేల్చినవాడికి నా చేతి కడియం ఇచ్చేస్తాను!"

ధర్మాధికారి శేషావధాని తీరిగ్గా మీసం దువ్వుకున్నాడు.

"ప్రభూ, దేని విచారణ దానిదే. ఒకదాంట్లో చెప్పిన మాట ఇంకోదాంట్లో వినడం మా తాతల నాటి నుంచీ లేదు. ఎంత లేదన్నా మరో ఏడాది పడుతుంది."

ఆ మాటకు నాంచారమ్మ కొంగుతో కళ్లొత్తుకుంది. ఆమె వీరాస్వామి తమ్ముడి భార్య. మొగుడు పోగానే బావగారు మేడలోంచి గెంటేశాడు. ఇప్పుడు మొగుడి పేరున ఉన్న మల్లెతోటలోనూ సగం కావాలంటున్నాడు. అదీ పోతే ఆమెకు తిండికి దారి లేదు.

రాజుగారికి తమలపాకులు చుట్టి ఇచ్చే సింగన అది చూసి చేతిలో ఆకు పక్కన పెట్టేశాడు. శుక్రవారం రాజుగారు కునికితే, శనివారం అవధాని కునికేవాడు. రెండు రోజులూ మెలకువగా ఉండి విన్నది సింగన ఒక్కడే.

"రెండూ కలిపి వింటే సరి కదా ప్రభూ!" అన్నాడు.

అవధాని ఫక్కున నవ్వాడు. "ఓరి ఆకుల సింగా! పప్పూ పాయసం కలిపి తింటావట్రా?"

"విడివిడిగా తిన్నా వెళ్లేది ఒక్క కడుపులోకే కదండీ!"

సభ గొల్లుమంది. రాజుగారు కానిమ్మన్నారు.

పూలగిరిలో ప్రమాణానికో పద్ధతి ఉంది. దోసిట్లో తులసి నీళ్లు పోస్తారు. అవి కారిపోయేలోగా ఒక్క మాట చెప్పి, దాని మీద నిలబడాలి. లేదంటే వాదం వీగిపోయినట్టే. వీరాస్వామికి ఇదంతా కొట్టిన పిండి. ధీమాగా దోసిలి పట్టాడు. సింగన చెంబు వంచాడు.

"రెండు తగాదాలకూ కలిపి ఒకటే ప్రశ్న. మీ అన్నదమ్ములు ఆస్తి పంచుకున్నారా, లేదా?"

"లేదు! అంతా ఉమ్మడే. అందుకే తోటలో సగం నాది."

"అయితే మేడలో సగం ఈ అమ్మది."

"అబ్బే, మేడ పంపకంలో నాకొచ్చింది!"

"పంపకం అయిపోయిందా? అయితే తోటంతా ఈ అమ్మదే."

"కాలేదు! అంటే... అయింది! కొంచెం అయింది, కొంచెం..."

నీళ్లు మోచేతుల మీదుగా జారి పట్టు పంచెను తడిపేస్తున్నాయి. వీరాస్వామి వేళ్లు బిగించాడు. బిగించిన కొద్దీ ఇంకా కారాయి.

"ఇంతకీ ఏది నిజమయ్యా?" అని రాజుగారు గద్దించారు. సింగనే అందుకున్నాడు.

"రెండూ నిజమే ప్రభూ! శుక్రవారం కలిసుంటారు, శనివారం వేరుపడతారు. పోయిన తమ్ముడితో వారం వారం ఇదే అవస్థ, పాపం!"

రాజుగారు పొట్ట పట్టుకుని సింహాసనంలోనే పక్కకు ఒరిగిపోయారు. భటులు ఈటెలు వదిలేసి మరీ నవ్వారు. నవ్వకూడదని పెదవి కొరుక్కున్న అవధానికి పొలమారింది.

"దోసిలి ఖాళీ! రెండు వాదాలూ వీగిపోయాయి. తోటంతా నాంచారమ్మదే, మేడలో సగమూ ఆమెదే!" అంటూ రాజుగారు కడియం తీసి సింగన చేతికి తొడిగారు.

వీరాస్వామి ఇంకా చేతులు అలాగే చాచి నిలబడ్డాడు. అది చూసి నాంచారమ్మ, మొగుడు పోయాక మొదటిసారి, పకపకా నవ్వేసింది.