చందమామకెళ్ళిన అరటిపండు

వినండర్రా. అనగా అనగా మణిగిరిని ఏలే రాజుగారికి జయకేతు, విజయకేతు అని ఇద్దరు కొడుకులు, వాళ్ళ వెనక కువలయ అని ఒక బుడత కూతురు. పొరుగు రాజ్యంవాళ్ళు చందమామ మీదికి రథం పంపారని వేగులు చెప్పిన రోజు నుంచీ ఈ పిల్లలకి వేరే ఆట లేదు. పాత పల్లకీకి తారాజువ్వలు కట్టడం, నెత్తిన ఇత్తడి గిన్నెలు బోర్లించుకోవడం, ఎక్కి కూర్చోవడం.

"నేనూ లెక్కే కదా అన్నయ్యా?" అనేది కువలయ.

"నువ్వు ఆటలో అరటిపండువి. నిన్ను ముట్టుకున్నా లెక్కలేదు, నువ్వు పడిపోయినా లెక్కలేదు. వెనక కూర్చో," అనేవాళ్ళు అన్నలు. పిల్లకి ఏడుపొచ్చేది. అయినా వెనకే కూర్చునేది.

ఒకనాడు జువ్వలు నిజంగానే అంటుకున్నాయి. పల్లకీ ఏడు సముద్రాలూ దాటి, ఏడు మబ్బులూ దాటి చందమామ మీద దభీమని దిగింది. అక్కడ ఒక జడల మాంత్రికుడు కాపురముంటున్నాడు.

"నా చోటికొచ్చి ఆడతారా? అయితే నేనే దొంగ. నేను ముట్టుకుంటే రాయి," అన్నాడు.

జయకేతుని ముట్టుకున్నాడు, రాయైపోయాడు. విజయకేతుని ముట్టుకున్నాడు, వాడూ రాయే. కువలయని ముట్టుకున్నాడు. ఏమీ కాలేదు. మళ్ళీ ముట్టుకున్నాడు. ఊహూఁ.

"నేను అరటిపండుని తాతా. లెక్కలేదు," అంది కువలయ.

అన్నలు లేకుండా ఇంటికి పోనంటే పోనని పంతం పట్టింది. చందమామలో కుందేలు ఉంటుందిగా, అది జాలిపడి చెవిలో చెప్పింది: "వాడి ప్రాణం ఆ గుహలో చిలకలో ఉంది తల్లీ."

కువలయ గుహలోకి నడిచింది. మాంత్రికుడు వెంటపడి ముట్టుకుంటూనే ఉన్నాడు. పంజరం అందబోయేసరికి గొంతు మార్చాడు.

"ఇంత ధైర్యం ఉన్న పిల్లని అరటిపండంటారా? రా అమ్మా, నేను నిన్ను ఆటలో కలుపుకుంటాను. ఊఁ అను చాలు."

బుద్ధెరిగిన నాటి నుంచీ ఆ మాట కోసమే కదా పాపం కాచుక్కూర్చుంది. ఊఁ నోటిదాకా వచ్చింది. మింగేసింది.

"నన్ను కలుపుకోవాల్సింది మా అన్నయ్యలు, నువ్వు కాదు," అని చిలకని ఒడిసి పట్టింది. "వాళ్ళని లేపుతావా, దీని మెడ నులమనా?"

మాంత్రికుడు పరుగున పోయి ఇద్దర్నీ లేపాడు. కువలయ చిలకని మాత్రం వదల్లేదు. జరిగిందంతా కుందేలు చెబితే అన్నలు సిగ్గుతో తల వంచుకున్నారు.

"చెల్లీ, నువ్వు లెక్కే. ముందు కూర్చో, పల్లకీ నువ్వే నడుపు," అన్నాడు జయకేతు.

కువలయ పెద్దదై, మెచ్చిన రాకుమారుణ్ణి పెళ్ళాడి, చాలాకాలం రాజ్యమేలింది. జేజేలు బోలెడు వింది. కానీ అన్నయ్య నోట ఆ ఒక్క మాట విన్ననాటి సంతోషం మళ్ళీ దేనికీ కలగలేదు.