బురదకన్నెకు పెట్టిన ముద్ద

విరూపాక్షయ్యగారిని ఎవరైనా ప్రశ్న అడిగితే జవాబు చెప్పరు, పని చెబుతారు. అందుకే ఏలమడుగు సరస్సు గట్టున ఉన్న ఆ ఆశ్రమంలో శిష్యులకు సందేహాలు తక్కువ. ఒకటీ అరా వచ్చినా, కట్టెలు కొట్టాల్సి వస్తుందని లోపలే మింగేసేవారు.

సుదర్శనం ఆ రోజు మింగలేకపోయాడు. అవతలి ఒడ్డున ఉండే తమ్ముడు నీలాద్రి, మర్నాడు తెల్లవారగానే పెళ్ళాం పిల్లలతో ఊరు వదిలి వెళ్ళిపోతున్నాడని పడవవాళ్ళు చెప్పారు. ఎక్కడికో ఎవరికీ తెలియదు. తల్లి పోయాక చంకనేసుకుని పెంచిన తమ్ముడు.

"పంపకాలనాడు పెద్దమనుషులందరి ముందూ నా వాటా కూడా వాడికే వదిలేశానండీ. 'అంతా నువ్వే తీసుకో, నాకేం అక్కర్లేదు' అని లేచి వచ్చేశాను. అప్పట్నుంచి వాడు నాకు మొహం చూపించలేదు. రమ్మని ఎన్నిసార్లు కబురు పెట్టానో! వాడికి నా మీద కాస్త ప్రేమైనా లేదా, గురువుగారూ?"

గురువుగారు అతని చేతిలో బియ్యప్పిండి ముద్ద పెట్టారు. "బురదకన్నెకి పెట్టిరా."

బురదకన్నె అరచేతి పొడవు చేప. ఆ సరస్సులో తప్ప ఇంకెక్కడా లేదని అక్కడివాళ్ళకు మహా గొప్ప. అది అడుగున బురదలోనే పుట్టి బురదలోనే బతుకుతుంది. సుదర్శనం రేవు పైమెట్టు మీద నిలబడి పిండిని ఉండలు చేసి విసిరాడు. చిల్లర చేపలు ఎగబడి అంతా తినేశాయి.

"దానికి పొగరండీ, పైకి రాదు," అన్నాడు తిరిగొచ్చి.

గురువుగారు ఇంకో ముద్ద తీసుకుని, ఆ ముసలి ఒంటితో, చలికాలపు నీళ్ళలోకి తామే దిగబోయారు. సుదర్శనం ప్రాణం విలవిల్లాడింది. "మీకెందుకండీ ఈ పని, దగ్గు పట్టుకుంటుంది!" అంటూ ముద్ద లాక్కుని తనే దిగాడు.

గుండెల లోతు వెళ్ళాడు. ముద్దను ఊరికే వదిలితే మళ్ళీ చిల్లర చేపల పాలవుతుంది. మునిగి, గుప్పెడు బురద తీసి దాని చుట్టూ మెత్తి, ఆ చేతిని అడుగుకు ఆనించి ఊపిరి బిగబట్టాడు. కాసేపటికి ఏదో మెత్తగా అరచేతి మీదికి ఎక్కింది. దాని నోరు తల కిందివైపున ఉంది. ఆ నోటితో అరచేతిని తడుముతూ తింటోంది. పైనుంచి పడేదాన్ని అందుకునే నోరు కాదది.

సుదర్శనం పైకి లేచి అలాగే నిలబడిపోయాడు. అతని కళ్ళలోవి సరస్సు నీళ్ళు కావు.

"పదిమంది ముందూ విసిరేశానండీ," అన్నాడు. "వాడు చిన్నబోతాడని తోచనే లేదు."

గురువుగారు రేవు మెట్టు మీద కూర్చోబెట్టి, చంటిపిల్లాడికి తుడిచినట్టు తువ్వాలుతో అతని తల తుడిచారు.

"తల ఆరింది, చాలు. బట్టలారేదాకా ఆగకు. అవతలి ఒడ్డుకి పడవ వెళ్ళిపోతుంది."