విరిగిన చోట రాసిన మాట

విరిగిన చోట విరిగిందని రాయకుండా లమస్సి తన సొంత మాట రాసేసింది. తప్పు అక్కడే జరిగింది.

యూఫ్రటీస్ ఒడ్డున ఉన్న ఆ పట్నంలో పుస్తకమంటే మట్టిపలక. తడి మట్టిని చదును చేసి, రెల్లుపుల్ల కొసతో మేకుల్లాంటి గుర్తులు నొక్కి ఎండబెట్టేవారు. పాత పలకలు పెచ్చులూడిపోతే కొత్త మట్టి మీదికి ఎత్తిరాయడం బెల్తాని శిష్యురాళ్ళ పని. లమస్సి వాళ్ళలో ఒకతె. బెల్తాని ముసలిది, పొడిమాటల మనిషి. ఆమె దగ్గర ఒక నియమం ఉండేది. మూలంలో అక్షరాలు రాలిపోయిన చోట, అక్కాడియన్ భాషలో ‘విరిగింది’ అన్న మాటను చిన్న గుర్తులతో రాసి ముందుకు సాగాలి. మన తాళపత్ర ప్రతుల్లో ‘గ్రంథపాతం’ అని రాసేవారే, అలాంటిదే.

ఆ వారం లమస్సికి వచ్చింది వైద్యుడు ఇద్దిన్ పలక. ప్రతి పంక్తిలోనూ ముందు రోగలక్షణం, దాని వెనకే తీర్పు. కోలుకుంటాడు, లేదా చావు తప్పదు. చావు తప్పదని పలక చెప్పిన రోగిని వైద్యుడు ముట్టుకోకూడదు. సంచి భుజాన వేసుకుని, వెనక్కి తిరిగి చూడకుండా వెళ్ళిపోవాలి. ముట్టుకుంటే ఆ చావు అతని వెంట ఇంటికి వస్తుందని అక్కడివాళ్ళ భయం. ఒక పంక్తిలో లక్షణం నిలిచి, తీర్పు రాలిపోయింది. పైనా కిందా ఉన్న పంక్తులన్నీ చావు తప్పదనే అంటున్నాయి. లమస్సి అక్కడ కూడా అదే నొక్కి, పలకను ఎండలో పెట్టింది.

బెల్తాని పాత పలకనూ కొత్త పలకనూ పక్కపక్కన చూసింది.

“ఇక్కడ మూలం విరిగి ఉంది కదే?”

“విరిగింది గానీ, ఏముందో తెలుస్తూనే ఉంది కదమ్మగారూ! చుట్టూ అన్నీ ఒకటే పాట పాడుతుంటే మధ్యలోది వేరే రాగం ఎందుకు తీస్తుంది? తెలిసిన సంగతిని తెలియదని రాయాలంటే, మాకు ఇన్నేళ్ళు చదువు చెప్పడం దేనికి?”

మిగతా పిల్లలు పుల్లలు ఆపి చూశారు. బెల్తాని కోప్పడలేదు.

“బాగానే అడిగావు. ఎండనీ,” అని లోపలికి వెళ్ళిపోయింది.

మర్నాడు పొద్దెక్కాక ఇద్దిన్ వచ్చాడు. అతని వెనకే ఇటుకలు చేసేవాడి భార్య, చేతులకు మట్టితోనే పరుగెత్తుకొచ్చింది.

“మా తబ్ని, అయ్యగారూ. నిన్నటి నుంచీ ఒళ్ళు కాలిపోతోంది. ఎడమ చెయ్యి దానంతటదే ఎగిరెగిరి పడుతోంది. కళ్ళు తెరిచే ఉంటాయి, నేను ఎదురుగా నిలబడ్డా దానికి ఆనడం లేదు.”

లమస్సి చేతిలో పుల్ల ఆగిపోయింది. ఆ మాటలు ఆమెకు తెలుసు. ఆ లక్షణం, ఆ వరసలోనే, తన చేత్తో తనే నొక్కింది.

“నా పలక ఎండిందా?” అన్నాడు ఇద్దిన్.

“ఎండింది,” అంది బెల్తాని. “నీ కళ్ళు ఎటూ మసకే. రాసిన పిల్లే మోసుకొచ్చి చదువుతుంది. పద, నేనూ వస్తాను.”

లమస్సి ఆమె ముఖంలోకి చూసింది. ఆ ముఖంలో ఏమీ లేదు.

దారి పొడుగునా పలక ఆమె చేతుల్లో వెచ్చగా ఉంది. ఎండకు వెచ్చబడ్డ మట్టి, అంతే. అయినా జ్వరం పట్టిన ఒంటిని మోస్తున్నట్టు అనిపించింది. కింద పడేస్తే? పగిలిపోతుంది. పగిలితే ఇద్దిన్ ఊరుకోడు, ‘ఏం రాశావో నోటితో చెప్పు’ అంటాడు. నిజం చెబితే? పలకలో సొంత మాట చేర్చిన చెయ్యి మళ్ళీ రెల్లు పట్టకూడదని ఆలయపెద్దల కట్టుబాటు. ఆ చదువు తప్ప ఆమెకు ఈ లోకంలో మరో గూడు లేదు. చెప్పకపోతే? ఆ ప్రశ్న దగ్గరికి వచ్చేసరికి ఇటుకలు చేసేవాడి గుమ్మం ఎదురైంది.

తబ్ని చాప మీద ఉంది. ఆరేళ్ళుంటాయేమో. ఎడమ చెయ్యి, నీళ్ళలోంచి తీసిన చేపలా, నేలకేసి కొట్టుకుంటోంది. ఇద్దిన్ గుమ్మంలోనే ఆగాడు. చెప్పులు విడవలేదు, సంచి దించలేదు.

“చదువమ్మాయీ.”

లమస్సి చదివింది. “జ్వరం దిగక, ఎడమ చెయ్యి దానంతటదే ఎగిరిపడుతూ, కళ్ళు తెరిచి ఉన్నా మనిషి ఆనకపోతే...”

తల్లికి చదువు రాదు. పలకను చూడటం మానేసి లమస్సి పెదాలనే చూస్తోంది. మట్టి అంటిన వేళ్ళు ఒకదాన్నొకటి నలుపుకుంటున్నాయి.

“ఊఁ, ఆపై?” ఇద్దిన్ ఒక కాలు అప్పుడే బయటికి పెట్టాడు. పారిపోవడానికి అనుమతి కోసం చూస్తున్నాడు ఆ మనిషి. ఆ అనుమతి లమస్సి నాలుక చివర ఉంది. ఆమె వెనక్కి తిరిగి గురువును చూసింది. బెల్తాని గడప మీద కూర్చుని, ఇటు వీపు పెట్టి వీధిలోకి చూస్తోంది.

“ఆపైన విరిగింది,” అంది లమస్సి.

“విరిగిందేమిటి? అక్కడ గుర్తులు కనబడుతుంటేనూ!”

“మూలంలో విరిగింది. కనబడుతున్నది నేను రాసింది.”

ఇద్దిన్ ముఖం కందిపోయింది. “నువ్వు రాయడమేమిటే? నా పలకలో? నీకేమైనా మతిపోయిందా? పెద్దల ముందు నిలబెట్టి నీ చెయ్యి...”

“అరుపులు తర్వాత,” అంది బెల్తాని వీధి వైపు నుంచి చూపు తిప్పకుండానే. “పలక పొమ్మనలేదుగా. ముందు సంచి విప్పు.”

పోవడానికి సాకు లేకపోయింది. ఇద్దిన్ గొణుక్కుంటూ చెప్పులు విడిచాడు. కషాయం కాచాడు. కణతలకు తడిగుడ్డ వేశాడు. ఎగిరిపడే చేతిని పట్టుకోమన్నాడు లమస్సిని. ఆమె పట్టుకుంది. ఆ చేతిలోని అదురు ఆమె మోచేతి దాకా పాకుతుంటే, తను రాసిన మాట ఇప్పటికీ ఆ గదిలోనే ఉన్నట్టూ, ఏ క్షణాన్నయినా నిజమైపోతుందన్నట్టూ భయపడుతూనే కూర్చుంది.

ఆ వారం చివరికి తబ్ని లేచి గంజి తాగింది. ఎడమ చెయ్యి మాత్రం పట్టు తప్పింది.

ఇద్దిన్ పలక పట్టుకుని సంబరంగా వచ్చాడు. పెద్దల మాట ఇక అతను ఎత్తలేదు. బతికించిన వైద్యుడని ఊరంతా చెప్పుకుంటుంటే ఎందుకెత్తుతాడు? “ఇప్పుడు తెలిసింది కదమ్మాయీ. నీ మాట చెరిపేసి, అక్కడ ‘కోలుకుంటాడు’ అని రాయి.”

లమస్సి ఆ పలకను నీళ్ళ తొట్టిలో వేసి, మెత్తబడ్డాక పిసికింది. పాత పలక ముందు పెట్టుకుని మొత్తం మళ్ళీ రాసింది. ఆ పంక్తి దగ్గరికి వచ్చాక, చిన్న గుర్తులతో ‘విరిగింది’ అని నొక్కింది.

“బతికిన పిల్ల కళ్ళ ముందుంటే ఇదేమిటి?” అన్నాడు ఇద్దిన్.

“తబ్ని బతికింది. పలక ఏమందో నాకు తెలియదు.”

అతను విసుక్కుంటూ వెళ్ళిపోయాక, లమస్సి గురువు దగ్గరికి వచ్చి నిలబడింది. గడపలో ఆ వీపును చూసినప్పటి నుంచీ ఆమెకు సరిగ్గా నిద్ర లేదు.

“అమ్మగారూ, ఆ రోజు నేను నోరు విప్పకపోతే మీరు చెప్పేవారా?”

బెల్తాని ఎండిన పలకలను ఒకదాని మీద ఒకటి సర్దుతోంది. చెయ్యి ఆపలేదు.

“అదీ విరిగిన చోటే,” అంది. “నీ మాట రాయకు.”

లమస్సి రాయలేదు. అప్పుడూ, ఆ తర్వాత పిల్లలకు తనే చదువు చెప్పిన రోజుల్లోనూ.