పట్టికలో పోయిన గ్రంథాలు

రాజుగారి భాండాగారంలో తాటాకు గ్రంథాలు దులిపే పనిలో చేరిననాడు ఓబులేశు లెక్కపెట్టుకున్నవి మూడువందల పన్నెండు. ఏడాది తిరిగాక ఆస్థాన పండితుడు పట్టిక రాసి, "నాలుగువందలుండాలి ప్రభూ! ఉన్నవి మూడువందల పన్నెండే. తక్కినవి వీడే కాజేశాడు. చెరసాలలో వేయించండి!" అన్నాడు.

ఎనభై ఎనిమిది ఎక్కడికి పోయాయబ్బా అని ఓబులేశు పట్టిక తిరగేశాడు. ఒకే గ్రంథం మూడు పేర్లతో మూడుచోట్ల కనబడింది.

"అయ్యవారూ, సభలోవాళ్లనూ ఇలాగే పేరుకొక వరసగా రాయండి."

పండితుడు రాజుగారి బిరుదులూ, తన బిరుదులూ ఒక్కటీ వదలకుండా రాశాడు.

"పట్టికలో ఇరవై ఆరుగురు, సభలో తొమ్మిదిమంది. ఆ పదిహేడుగురినీ నేనే కాజేశానా ప్రభూ?"

రాజు పకపకా నవ్వి, "ఇక పట్టిక నువ్వే రాయి" అన్నాడు.

ఓబులేశు గంటం అందుకుని మొదటి కట్ట విప్పాడు. "అయ్యవారూ, దీనికెన్ని పేర్లు పెట్టారు?"