నడవని చుక్క

అనగనగా ఒక రాజు అంటే ఏ ఊరి రాజు అని అడుగుతారు గనక ముందే చెబుతున్నాను, మేడికొండ రాజు. పేరు ధరణీధరుడు. ఆయనకు ముగ్గురు కొడుకులు. పెద్దవాడు వీరధవళుడికి కత్తి తిప్పడం వచ్చు. రెండోవాడు జయధవళుడికి గుర్రం తోలడం వచ్చు. మూడోవాడు కువలయుడికి ఏమీ రాదు. రానిదాన్ని అడిగి తెలుసుకోవడం మాత్రం వచ్చు.

ఏడు సముద్రాల అవతల శంఖద్వీపం ఉంది. ఆ దేశపు రాజు కూతురు తారావళి. ఆ దేశంలో ఒక ఆచారం ఉండేది. ఎవరూ చూడని చుక్కల గుంపును ఎవరైనా మొదట చూసి నలుగురికీ చూపిస్తే, దానికి పేరు పెట్టే హక్కు వాళ్ళదే. మనం కృత్తికలు అని కూడా పిలిచే పిల్లలకోడిని మొదట చూసింది కోళ్ళు పెంచుకునే ఒక ముసలమ్మ. సప్తర్షులు అని కూడా పిలిచే మంచంకోళ్ళను చూసినవాడు వడ్రంగి. తారావళి వంతు వచ్చేసరికి మిగిలింది పుష్యమి దగ్గర చిన్న మసక. అందరూ దాన్ని మబ్బు తునక అనుకునేవారు. ఆమె రోజుల తరబడి దాన్నే చూసి, అది మబ్బు కాదు, సన్న చుక్కల ముద్ద అని తేల్చి, తేనెపట్టు అని పేరు పెట్టింది.

ఒకనాడు తారావళి సభలో తండ్రితో అంది: "నాన్నగారూ, పిల్లలకోడి దగ్గర రాత్రి ఒక కొత్త పిల్ల కనపడింది. దాని సంగతేమిటో చూడాలి."

ఆ మర్నాటికి ఆమె మేడమీద లేదు. ద్వీపం చివర నల్లకొండ మీద ఉండే ధూమ్రాక్షుడనే మాంత్రికుడు ఎత్తుకుపోయి నేలమాళిగలో పెట్టాడు. కార్తీక పున్నమినాడు నిన్ను పెళ్ళాడతానన్నాడు. పెళ్ళాడినా ఆ మాళిగలోంచి బయటికి రానివ్వనన్నాడు.

తన కూతుర్ని విడిపించినవాడికి ఆమెనిచ్చి పెళ్ళి చేస్తానని శంఖద్వీపం రాజు ఊరూరా చాటించాడు. వీరధవళుడు కత్తి తీసుకుని వెళ్ళాడు, తిరిగి రాలేదు. జయధవళుడు గుర్రమెక్కి వెళ్ళాడు, తిరిగి రాలేదు. అప్పుడు కువలయుడు బయల్దేరాడు.

దారిలో వెల్లకిలా పడి కాళ్ళు కొట్టుకుంటున్న తాబేలును తిరగేశాడు. కాకులు పొడుస్తున్న గుడ్లగూబను కాపాడాడు. దాని గూడు నల్లకొండ మీదే. కాలిలో ముల్లు గుచ్చుకుని కుంటుతున్న అడవి బాతుకు ముల్లు తీశాడు. మంచుకొండల మీదుగా ఎగిరొచ్చే బాతు అది. మూడూ అతని వెంట వచ్చాయి. తాబేలు ఏడు సముద్రాలూ వీపు మీద దాటించింది.

నల్లకొండ మీద తోటనిండా చిలకల పంజరాలు వేలాడుతున్నాయి. కువలయుడు చేయి చాపాడో లేదో, రెండు చిలకలు ఒక్కసారిగా అరిచాయి.

"ముట్టుకోకురా తమ్ముడూ! ముట్టుకుంటే నువ్వూ చిలకవైపోతావు!"

అవి అన్నల గొంతులు.

గుడ్లగూబ అంది: "మాంత్రికుడి ప్రాణం చిలకలో ఉంటుందని అందరూ ఇక్కడికే వస్తారు. వాడు రోజూ నవ్వుకుంటాడు. 'మా పెదనాన్న చిలకలో పెట్టుకుని పోయాడు. మా బాబాయి తుమ్మెదలో పెట్టుకుని పోయాడు. నేనంత వెర్రివాణ్ణా?' అంటాడు. ఎక్కడ పెట్టాడో మాత్రం చెప్పడు."

"ఎవరికి తెలుసు మరి?"

"కింద మాళిగలో ఉన్న ఆ పిల్లకేమైనా తెలుసేమో. గాలి కోసం ఒక గొట్టం వదిలాడు. వంకర గొట్టం, ఆకాశం కనపడదు. మాట మాత్రం వెళ్తుంది."

మాంత్రికుడు చీకటి పడగానే కోట తలుపులు బిగించుకుని పడుకునే రకం. వాడు పడుకున్నాక కువలయుడు గొట్టానికి నోరు ఆనించి తానెవరో చెప్పుకున్నాడు.

"కొత్త చుక్క మాట అన్న మర్నాడే నన్ను ఎత్తుకొచ్చాడు" అంది తారావళి లోపల్నించి. "ఆలోచిస్తే వాడి ప్రాణం ఆ చుక్కే అనిపిస్తోంది. పిల్లలకోడి తెలుసా నీకు?"

"కోడి తెలుసు. పిల్లలు తెలుసు."

"సరిపోయింది! తూర్పున చూడు, గుప్పెడు చుక్కలు ఒక్కచోట ఉంటాయి. అందులో వాడిదేదో నువ్వే పట్టాలి. తొందరగా కానీ. వెన్నెల పెరుగుతోంది. పున్నమికి చంద్రుడు సరిగ్గా పిల్లలకోడి పక్కకే వస్తాడు, అప్పుడిక సన్న చుక్క కనపడదు."

మొదటి రాత్రి కువలయుడు కాగడా పట్టుకుని చూశాడు. "ఆరున్నాయి. అన్నీ ఒక్కలాగే ఉన్నాయి" అన్నాడు.

"చేతిలో ఏముంది?"

"కాగడా."

"ఆర్పవయ్యా బాబూ! చీకట్లో చాలాసేపు ఊరికే కూర్చో. కళ్ళు చీకటికి అలవాటు పడ్డాక చూడు."

ఆర్పి కూర్చున్నాడు. కాసేపటికి ఆకాశమంతా చుక్కలు కిక్కిరిసిపోయాయి. వాడి చుక్క మాత్రం తేలలేదు.

రెండో రాత్రి చీకట్లోనే కూర్చున్నాడు. "ఏదో సన్నగా తళుక్కుమంటోంది. అదే అనుకుని చూసేసరికి మాయమవుతోంది" అన్నాడు.

"సూటిగా చూస్తున్నావు కదూ? సన్న చుక్కల్ని అలా చూడకూడదు. పక్కనున్న దాన్ని చూస్తున్నట్టు చూడు. కంటి కొసకు అవే కనపడతాయి."

పక్కకి చూశాడు. పిల్లలకోడి చుట్టూ పిల్లలే పిల్లలు! ఇన్నింటిలో వాడిదేది? ఆ రాత్రీ అలాగే తెల్లారింది.

మూడో రాత్రికి చంద్రుడు ఇంకా లావయ్యాడు, ఇంకా ఆలస్యంగా అస్తమించాడు. కువలయుడికి భయం వేసింది.

"రేపటికి చీకటి ఇంకా తగ్గిపోతుంది. ఈ రాత్రి ఏం చేయమంటావు?"

"కోటమీద జెండాకర్ర ఉందా? దాని కింద వెల్లకిలా పడుకో. తల కదిలించకు. కర్ర కొసను ఆనవాలు పెట్టుకుని చూస్తూ ఉండు. ఏం కనపడితే అది చెప్పు."

పడుకున్నాడు. మెడ పట్టేసింది, చీమలు కుట్టాయి, తల మాత్రం కదపలేదు. పిల్లలకోడి మెల్లగా పైకెక్కి కర్ర కొస దగ్గరికి వచ్చింది. మెల్లగా కొసను దాటింది. కోడి దాటింది, పిల్లలు దాటాయి. ఒక్క పిల్ల మాత్రం కర్ర కొసనే ఉండిపోయింది.

కువలయుడు గొట్టం దగ్గరికి పరుగెత్తాడు. "మందంతా పడమటికి వెళ్ళిపోయింది. ఒకటి కదల్లేదు!"

లోపల్నించి తారావళి నవ్వడం వినిపించింది. "అది చుక్క కాదు, దీపం. బాతును పంపించు."

బాతు ఎగిరింది. కొండ దాటి, మబ్బు దాటి, ఇంకా పైకి ఎగిరింది. తిరిగి వచ్చేటప్పుడు దాని ముక్కున చిన్న మట్టి ప్రమిద ఉంది. లోపల వడ్లగింజంత మంట.

ప్రమిద కదిలేసరికి ధూమ్రాక్షుడు దగ్గుకుంటూ నిద్రలేచి పరుగెత్తుకొచ్చాడు.

"ఒరేయ్, దాన్ని ముట్టకు! అంత మందలో కలిపి పెట్టానే! ఎవడు చెప్పాడురా నీకు?"

గొట్టంలోంచి తారావళి గొంతు వచ్చింది. "ఎవరూ చెప్పలేదు మామా. మంద నడిచింది, నీది నడవలేదు. ఒక్క రాత్రి మేలుకుని ఆకాశం చూసి ఉంటే నీకే తెలిసేది."

కువలయుడు ఉఫ్ మని ఊదాడు. దీపం ఆరింది, మాంత్రికుడు పొగై పోయాడు. పంజరాల్లోని చిలకలన్నీ మనుషులయ్యాయి. అన్నలిద్దరూ వచ్చి తమ్ముణ్ణి కావలించుకున్నారు. మాళిగ తలుపు తెరుచుకుంది.

తారావళి మెట్లెక్కి వచ్చింది. కువలయుడు ఎదురెళ్ళి నిలబడ్డాడు.

"కాస్త పక్కకి జరుగుతావా? అడ్డం ఉన్నావు" అంది ఆమె, పైకి చూస్తూ.

అతను జరిగాడు. తెల్లవారి చుక్కలన్నీ వెలిసిపోయేదాకా ఇద్దరూ అక్కడే నిలబడ్డారు.

మార్గశిరంలో పెళ్ళి. రాత్రి తలంబ్రాలయ్యాక పురోహితుడు పందిరి బయటికి తీసుకొచ్చి చేయి ఎత్తి, "అదుగోనమ్మా అరుంధతి, చూశావా?" అన్నాడు. బంధువులందరూ "చూశాం, చూశాం" అన్నారు.

"నాకు కనపడలేదండీ" అంది పెళ్ళికూతురు.

"కనపడకపోయినా కనపడిందనాలి తల్లీ. ఆచారం."

"ఈ నెలలో మంచంకోళ్ళు తెల్లవారుజామున గానీ బాగా పైకి రావండీ. అరుంధతి ఉండేది ఆ గుంపులోనే కదా. చూడందే చూశానని అంటే, రేపు నేను ఏ చుక్కను చూశానన్నా ఎవరు నమ్ముతారు?"

పురోహితుడు పెళ్ళికొడుకు వంక చూశాడు. పెళ్ళికొడుకు అప్పటికే చాప పరుస్తున్నాడు.

పెళ్ళివారంతా కాగడాలు ఆర్పి చాపల మీద వెల్లకిలా పడుకున్నారు. పిల్లలు నిద్రపోయారు, పెద్దలు గొణిగారు. తెల్లవారుజామున ఉత్తరాన మంచంకోళ్ళు పైకి వచ్చాయి. తారావళి చెప్పినట్టే అందరూ ఆ గుంపులోని వశిష్ఠుడి చుక్కకు కాస్త పక్కగా చూశారు. ఆనుకునే, గింజంత, అరుంధతి.

పురోహితుడు కండువాతో కళ్ళు తుడుచుకున్నాడు.

"ఇన్నేళ్ళుగా ఎన్ని జంటలకో చూపించానమ్మా" అన్నాడు. "నేను చూడటం ఇదే మొదలు."

కువలయుడూ తారావళీ చాలాకాలం రాజ్యం చేశారు. పగలు తీర్పులు, రాత్రి మేడమీద చాప. పిల్లలూ, మీరు కూడా ఇవాళ దీపం తగ్గించి ఆరుబయట పడుకోండి. పిల్లలకోడి ఎక్కడుందో నేను చెప్పను. మీరే చూసి రేపు నాకు చూపించండి.